మంట చూడకుండా పెట్టిన సంతకం

కిరసనాయిలు ఓడ ఆసారి పదహారు రోజులు ఆలస్యంగా వచ్చింది. ఆ పదహారు రోజుల్లో బేసియో దీవిలో ఎండు కొబ్బరిడొక్క అన్నది కంటికి కనపడకుండా పోయింది. పొయ్యిలోకి పుల్ల దొరక్క జనం పాత పడవల చెక్కలు విరిచి కాల్చుకున్నారు. పక్కింటి కంచె పీకి పోట్లాటకు దిగినవాళ్ళూ ఉన్నారు. పసిఫిక్ సముద్రంలోని ఈ కిరిబాస్ దేశపు నేలని ఎక్కడ తవ్వినా నాలుగడుగుల్లో ఉప్పునీళ్ళు పడతాయి తప్ప నూనె పడదు. రేవు పక్కన తెల్లగా నిలబడ్డ నాలుగు ట్యాంకులే ఈ దీవులకి వంటా వెలుగూ పడవా కరెంటూ. అవి అడుగంటితే ఊరంతా అడుగంటినట్టే.

రాబ్వేనా ఆ డిపోలో నూనె పరీక్ష చేసే మనిషి. ఫిజీలో రెండేళ్ళు ఆ పనే చదువుకుని వచ్చింది. తొమ్మిదేళ్ళ వయసులో ఆమె తండ్రి చేపల వేటకి వెళ్ళి తిరిగి రాలేదు. అప్పట్నించీ మేనమామ టెకేనేనే ఆమెని పెంచాడు, చదివించాడు, చివరికి తను మేనేజరుగా ఉన్న డిపోలోనే ఉద్యోగం ఇప్పించాడు. భారీ మనిషి. నవ్వితే రేకుల షెడ్డు అదిరేది. ఊళ్ళో ఎవరింట చావైనా పెళ్ళైనా ముందుగా బియ్యం మూటతో వెళ్ళేది ఆయనే.

శుక్రవారం మధ్యాహ్నం ఓడ లంగరు వేసింది. శనివారం తెల్లారేసరికి నూనె ట్యాంకుల్లోకి ఎక్కడం పూర్తయింది. ఎనిమిదింటికి రాబ్వేనా సీసా నడుముకు కట్టుకుని కిరసనాయిలు ట్యాంకు నిచ్చెన ఎక్కింది. పైనుంచి చూస్తే గేటు బయట పసుపుపచ్చ డబ్బాల వరస రేవు దాటి, చర్చి దాటి, రోడ్డు మలుపు దాకా పోయింది. డబ్బాకొక మనిషి, మనిషికొక గొడుగు.

"ఏమ్మా రాబ్వేనా!" కింద నుంచి ఒక గొంతు కేకేసింది. "ఆ నూనెకి జ్వరం చూస్తున్నావా, సంబంధం చూస్తున్నావా? తొందరగా తేల్చు తల్లీ, ఇక్కడ మా మాడు కాలిపోతోంది!"

అది టబేటా. రోజూ తెల్లారగట్ల తీపి పిండి ఉండలు వేయించి రేవు కూలీలకి అమ్మే ఆవిడ. రాబ్వేనా తల్లికి వరసకి అక్క. ఆవిడ నోటికి జంకే మనిషి బేసియోలో లేడు.

"జ్వరమే పెద్దమ్మా! లేదని తేలితే పంపిస్తా."

"నీ మందు దొరికేలోపు రోగి పోయేట్టున్నాడే!"

వరసంతా గొల్లుమంది. రాబ్వేనా కూడా నవ్వుకుంటూ సీసా నింపుకుని దిగింది.

పరీక్షల్లో ముఖ్యమైనది మంట పరీక్ష. కిరసనాయిలుని చిన్న ఇత్తడి గిన్నెలో పోసి, సన్నటి కంత ఉన్న మూత బిగించి, కింద నుంచి మెల్లగా వేడి చేస్తూ, డిగ్రీకొకసారి దాని మీదికి గోరంత మంటని వంచి చూడాలి. మంచి కిరసనాయిలైతే నలభై డిగ్రీలు దాటేదాకా ఉలకదు పలకదు. అందులో పెట్రోలు కలిసిందంటే మాత్రం ముందే భగ్గుమంటుంది. అలాంటి నూనె స్టవ్వులో పడితే అది స్టవ్వు కాదు, బాంబు. అందుకే ఆ పరీక్ష కాగితం మీద రాబ్వేనా సంతకం పడందే గేటు తెరవకూడదని డిపో నియమం.

ఆమె గిన్నె తుడిచి బల్ల మీద పెట్టేసరికి టెకేనే గుమ్మంలో నిలబడ్డాడు. చొక్కా చెమటతో ఒంటికి అంటుకుపోయింది.

"ఎంతసేపే అమ్మాయ్?"

"ఇప్పుడే మొదలుపెడుతున్నా మామయ్యా. రంగు బాగుంది, బరువు బాగుంది. మంట చూస్తే అయిపోతుంది."

"ఓడ వాళ్ళ కాగితంలో మంట నలభై మూడు అని ఉంది. చూశావుగా?"

"చూశాను. మనం కూడా చూడాలి కదా."

ఆయన లోపలికొచ్చి స్టూలు మీద కూర్చున్నాడు. గొంతు తగ్గించాడు. "గేటు దగ్గర ఇద్దరు ముసలాళ్ళు కళ్ళు తిరిగి పడ్డారు. నిన్న మధ్యాహ్నం నించీ నిలబడి ఉన్నారట. కుర్రాళ్ళు గేటు ఊపుతున్నారు, కడ్డీలు వంగిపోతున్నాయి. పన్నెండేళ్ళలో ఆ ఓడ ఒక్కసారి చెడ్డ సరుకు తెచ్చిందా? సంతకం పెట్టు, గేటు తీస్తాను. నువ్వు ఆ తర్వాత తీరిగ్గా చూసుకో."

"మామయ్యా..."

"బుబుసి అనుకో."

ఆ మాట వచ్చాక ఇక మాట లేదు. అయినవాళ్ళు 'బుబుసి' అని నోరు తెరిచి అడిగితే, ఒంటిమీద చొక్కా అయినా విప్పి ఇవ్వాల్సిందే. లేదన్న మనిషిని ఆ దీవుల్లో మనిషిగా లెక్కవేయరు. పైగా అడిగింది టెకేనే. ఇరవై మూడేళ్ళలో ఆయన ఆమెని అడిగింది ఇదే మొదటిసారి.

రాబ్వేనా కలం తీసుకుంది. మంట గడి ఖాళీగా వదిలేసి కింద సంతకం పెట్టింది.

గేటు తెరిచాక జనం ఒక్కసారిగా మీదపడ్డారు. వాళ్ళని ఆపలేక రాబ్వేనాని కూడా సాయం పిలిచారు. ఆమె డబ్బాలు అందిస్తూ, ముసలాళ్ళని ముందుకి పంపిస్తూ గంటన్నర అక్కడే ఉండిపోయింది. టబేటా తన డబ్బా నింపుకుని, దాన్ని చంటిబిడ్డలా చంకనెత్తుకుని, "రేపు నీకు రెండుండలు ఎక్కువ" అని ఆమె బుగ్గ గిల్లి వెళ్ళింది.

పదకొండూ పావుకి రాబ్వేనా గదిలోకి తిరిగొచ్చింది. చేతులు కడుక్కుంది. గిన్నెలో కిరసనాయిలు పోసి మూత బిగించింది. కింద ఇంకా వేడి పెట్టలేదు. గది వేడికే థర్మామీటరు ముప్ఫై ఒకటి చూపిస్తోంది. మామూలుగా ఈ వేడిలో ఏమీ జరగదు. అయినా ఒకసారి వంచి చూడటం అలవాటు. వంచింది.

'భప్' మని గిన్నె నోట్లో నీలిమంట లేచింది. ఆ విసురుకి చిన్నమంట కూడా ఆరిపోయింది.

తప్పు తనదేమో, గిన్నె సరిగా తుడవలేదేమో అనుకుంది. గిన్నె కడిగింది, ఆరబెట్టింది, సీసాలోంచి కొత్తగా పోసింది. చిన్నమంట వెలిగించి మళ్ళీ వంచింది. మళ్ళీ 'భప్'.

కిటికీలోంచి గేటు కనిపిస్తోంది. నవ్వుతూ, ఒకళ్ళనొకళ్ళు ఆటపట్టించుకుంటూ, నిండు డబ్బాలు మోసుకుని వెళ్ళిపోతున్నారు జనం.

ఆమె పరిగెత్తుకుంటూ వెళ్ళి పంపు ఆపేసింది. "గేటు మూసెయ్యండి! ఇంక ఒక్క చుక్క ఇవ్వద్దు!" అని అరిచింది. వరసలోవాళ్ళు బూతులు లంకించుకున్నారు. టెకేనే తన గదిలోంచి పరిగెత్తుకొచ్చాడు. "పిచ్చెక్కిందా నీకు?"

రాబ్వేనా ఆయన చెయ్యి పట్టుకుని లోపలికి లాక్కెళ్ళి మూడోసారి గిన్నె మీదికి మంట వంచింది. నీలిమంట ఆయన కళ్ళ ముందే లేచింది. టెకేనే ముఖంలో నెత్తురు చుక్క లేదు.

"ఎంతమంది పట్టుకెళ్ళారు?" అంది రాబ్వేనా.

"రెండొందలు... రెండొందల పైన."

"ఓడ గొట్టంలో పెట్రోలు మిగిలిపోయి ఉంటుంది. దానిమీదే కిరసనాయిలు తోలారు. మామయ్యా, రేడియోకి చెప్పాలి. ఇప్పుడే."

"ఆగు." ఆయన పెదాలు తడుపుకున్నాడు. "ఆగవే. రేడియోలో చెబితే ఊరంతా గగ్గోలవుతుంది. నలుగురు కుర్రాళ్ళని పంపి మెల్లిగా డబ్బాలు వెనక్కి తెప్పిస్తాను. నువ్వు ముందు ఆ కాగితం తియ్యి. మంట గడిలో నలభై మూడు అని రాయి."

రాబ్వేనా కాగితంలోని ఖాళీ గడికేసి చూసింది.

"నలభై మూడా?"

"పరీక్ష చేశాం, అప్పుడు బానే ఉంది అందాం. తప్పు ఓడ వాళ్ళది కదా, మనదా? నిన్ను జైల్లో వేస్తారే పిచ్చిదానా! నీకోసమే చెప్తున్నా. బుబుసి, రాయి."

పొద్దున ఇదే మాటకి తను తల వంచింది. ఇప్పుడూ తల వంగబోయింది, అలవాటు అలాంటిది. కానీ గిన్నె నోట్లో నీలిమంట ఆమె కళ్ళలోంచి పోవడం లేదు.

"ఇవ్వను మామయ్యా."

టెకేనే చెంపదెబ్బ తిన్నవాడిలా వెనక్కి తగ్గాడు. ఆయన బతుకులో ఆ మాట ఆయనతో ఎవరూ అని ఉండరు. రాబ్వేనా కాగితం మడిచి రవికలో దోపుకుని, రేడియోకి ఫోను చేసి, జవాబు పూర్తిగా వినకుండానే రోడ్డు మీదికి పరిగెత్తింది.

రోడ్డు మీద బౌరో మినీబస్సు పాటలు మోగించుకుంటూ వస్తోంది. బేసియో మొత్తంలో అంత పెద్ద స్పీకర్లు ఇంకో బస్సుకి లేవు. రాబ్వేనా అడ్డంగా నిలబడి బస్సాపింది.

"చావాలనుందా అక్కా? టికెట్టు కొంటే నేనే ఎక్కించుకుంటాగా!" అన్నాడు బౌరో.

"పాట ఆపు. మైకు ఇటివ్వు. అందర్నీ దింపెయ్."

ఆమె ముఖం చూసి బౌరో నవ్వు ఆగిపోయింది. పాట ఆపాడు.

ఊరి రోడ్డంతా ఆమె గొంతే. "ఈ పొద్దున పట్టుకెళ్ళిన కిరసనాయిలు వెలిగించకండి! అందులో పెట్రోలు కలిసింది! స్టవ్వులు పేలతాయి! డబ్బాలు బయట నీడలో పెట్టండి!" ఇళ్ళలోంచి జనం బయటికొచ్చారు. వినలేదని కాదు, నమ్మలేదు. పదహారు రోజులు ఎదురుచూసి, రాత్రంతా నిలబడి తెచ్చుకున్న నూనె అది.

చర్చి మలుపులో ఒక మనిషి బస్సుకి అడ్డమొచ్చాడు. "మాకు తెలుసులే నీ సంగతి. మా దగ్గర లాక్కుని మీ పెద్దోళ్ళకి పోసుకుంటారు. పొద్దున మంచిదని సంతకం పెట్టింది నువ్వు కాదూ?"

"నేనే," అంది రాబ్వేనా. "చూడకుండా పెట్టాను."

ఆమె బస్సు దిగి, అతని డబ్బాలోంచి చెంచాడు నూనె ఒక కొబ్బరిచిప్పలో పోయించింది. అందర్నీ దూరం జరగమంది. పొడవాటి కొబ్బరీనెకి నిప్పంటించి, చేయి చాచి చిప్ప దగ్గరికి తీసుకెళ్ళింది. మంచి కిరసనాయిలైతే అంత తేలిగ్గా అంటుకోదని పొయ్యి వెలిగించే ప్రతి ఆడదానికీ తెలుసు. ఈనె చిప్పని ఇంకా తాకనే లేదు. జానెడు దూరంలోనే భగ్గున మంట లేచి చిప్పని మింగేసింది.

ఒక ముసలావిడ "అయ్యో దేవుడా" అని కూలబడింది. అడ్డమొచ్చిన మనిషి తన డబ్బాకేసి ఒకసారి, ఇంటికేసి ఒకసారి చూసి, "మా ఆవిడ దీపాల్లో పోస్తోంది" అంటూ పరిగెత్తాడు. అప్పుడు కదిలారు జనం. ఒకరినొకరు పిలుచుకుంటూ సందుల్లోకి పరుగులు తీశారు. ఎవరో చర్చి గంట కొట్టడం మొదలుపెట్టారు.

"అక్కా, ఇంకెటు?" అన్నాడు బౌరో.

"టెమాకిన్ పేటకి. టబేటా పెద్దమ్మ ఇంటికి."

టబేటా తెల్లారగట్ల తప్ప పొయ్యి వెలిగించదనీ, అంతదాకా భయం లేదనీ రాబ్వేనా దారంతా తనకి తనే చెప్పుకుంది. కానీ పదహారు రోజులు చేతులు కట్టుకుని కూర్చున్న మనిషి తెల్లారేదాకా ఆగుతుందా? ఇంటికి రాగానే మనవరాళ్ళు చుట్టూ చేరారట. 'అమ్మమ్మా, ఉండలు' అన్నారట. ఆవిడ స్టవ్వు వెలిగించి బాణలి పెట్టింది. స్టవ్వులో పోసింది కాస్తా అయిపోతుంటే మంట ఆర్పకుండానే దాని మూత తీసి డబ్బాలోంచి ఇంకొంచెం పోసింది.

బస్సు సందులోకి తిరుగుతుండగా ఆ చప్పుడు వినిపించింది. పెద్దదేం కాదు. తడిబట్టని బండమీద కొట్టినట్టు, అంతే. ఆ వెంటనే పిల్లల అరుపులు.

కొబ్బరాకు వంటపాక ఒక పక్కంతా మంటలు. టబేటా గుమ్మం బయటికి రెండడుగులు వచ్చి, ఒంటిమీద బట్టలు మండుతూ నిలబడి ఉంది. పిల్లలిద్దర్నీ తనకంటే ముందు బయటికి తోసేసిందట. వాళ్ళకి ఏమీ కాలేదు. రాబ్వేనా నిద్రచాప ఒకటి లాగి ఆవిడ ఒంటికి చుట్టి, ఇసకలో దొర్లించింది. బౌరో ఒట్టి చేతుల్తో మంటమీద ఇసక విసిరాడు. అంతా రెండు నిమిషాల్లో అయిపోయింది. టబేటా కళ్ళు తెరిచి, రాబ్వేనాని గుర్తుపట్టి, "బాణలి చూడవే, మాడిపోతాయి" అంది.

అదే మినీబస్సులో ఆవిణ్ణి పెద్దాసుపత్రికి తీసుకెళ్ళారు. ఆ సాయంత్రంలోపు ఇంకో రెండు స్టవ్వులు పేలాయి. ఒక ఇల్లు కాలింది, ఒకాయన చేతులు కాలాయి. మిగిలిన డబ్బాలన్నీ జనం తెచ్చి ఇచ్చేశారు. వాటిని చర్చి వెనక ఖాళీస్థలంలో దూరదూరంగా పెట్టి పోలీసులు కాపలా కాశారు.

సోమవారం టబేటా మాట్లాడగలిగింది. ముఖం సగం, చేతులు రెండూ కట్లలో ఉన్నాయి. రాబ్వేనా మంచం పక్కన కింద కూర్చుని ఉంది.

"నువ్వొచ్చావు," అంది టబేటా నెమ్మదిగా. "అందరికంటే ముందు నువ్వే వచ్చావట. మా బంగారమే."

ఊరంతా తెలిసిన సంగతి ఆ మంచం దాకా ఇంకా రాలేదు. తనే చెప్పాలి, లేకపోతే ఇంకెవరో చెబుతారు.

"పెద్దమ్మా, ఆ నూనె నేను పరీక్ష చెయ్యలేదు. చెయ్యకుండానే సంతకం పెట్టాను."

టబేటా కట్టులేని కంటితో ఆమెకేసి చూసింది.

"జ్వరం చూస్తున్నా అన్నావుగా?"

"అన్నాను. చూళ్ళేదు."

టబేటా తల గోడవైపు తిప్పుకుంది. మర్నాడూ ఆ పై రోజూ రాబ్వేనా వెళ్ళి కూర్చుంది. టబేటా ఇటు తిరగలేదు. బుధవారం మధ్యాహ్నం ప్రాణం పోయింది.

మరుసటి వారం పెద్దలు ఊరి సభా గృహంలో కూడారు. పోలీసు అధికారి కూడా వచ్చి చాప మీద కూర్చున్నాడు. రాబ్వేనా ఖాళీ గడి ఉన్న కాగితాన్ని అందరి మధ్యా పరిచింది. జరిగింది జరిగినట్టు చెప్పింది. తనని అడిగిందెవరో మాత్రం చెప్పలేదు. మేనమామ పేరు నాలుక మీదికి రాలేదు.

"ఎందుకు పెట్టావు సంతకం?" అని ఒక పెద్దాయన మూడుసార్లు అడిగాడు. ఆమె తల వంచుకుని ఉండిపోయింది.

వెనక స్తంభం దగ్గర టెకేనే లేచాడు. వారం రోజుల్లో మనిషి సగమయ్యాడు. "నేను బుబుసి అడిగాను," అన్నాడు. "రెండుసార్లు అడిగాను. మొదటిసారి ఇచ్చింది, ఒక మనిషి పోయింది. రెండోసారి ఇవ్వలేదు, రెండొందల ఇళ్ళు మిగిలాయి." ఉన్నచోటే కూలబడ్డాడు. ఆ భారీ మనిషి అందరి ముందూ చిన్నపిల్లాడిలా ఏడుస్తుంటే ఎవరూ దగ్గరికి వెళ్ళలేదు. వెళ్ళొచ్చో లేదో ఎవరికీ తెలియలేదు.

ఆయన ఉద్యోగం పోయింది. కేసు నడుస్తోంది. ఓడ సరుకంతా వెనక్కి తోడుకుపోయింది. రాబ్వేనాని నాలుగు నెలలు పక్కన పెట్టారు. ఆ పని తెలిసినవాళ్ళు దీవిలో ఇంకెవరూ లేక మళ్ళీ పిలిచారు. వద్దనుకుంటూనే వెళ్ళింది.

వెళ్ళిన రెండో రోజు ఆమె గదికి ఒక మనిషి వచ్చాడు. నలభై ఏళ్ళుంటాయి. పేరు ఇయోటెబ అని చెప్పాడు. టబేటా పెద్దకొడుకు. పరాయి దేశపు ఓడల్లో నావికుడు. తల్లి పోయినప్పుడు సముద్రం మధ్యలో ఉన్నాడు, ఇప్పటికి రాగలిగాడు.

రాబ్వేనా లేచి నిలబడింది. తిడతాడనుకుంది, కొట్టినా పడదామనుకుంది. అతను గొంతు పెంచలేదు.

"ఆ పరీక్ష ఎలా చేస్తారో చూపిస్తావా?"

ఆమె సీసా తెచ్చింది. గిన్నె తుడిచి, కిరసనాయిలు పోసి, మూత బిగించి, కింద సన్నగా వేడి పెట్టింది. అతను స్టూలు లాక్కుని దగ్గరగా కూర్చున్నాడు. చేతి గడియారం విప్పి బల్లమీద పెట్టుకున్నాడు. ఆమె డిగ్రీకొకసారి మంట వంచింది. ముప్ఫై రెండు. ముప్ఫై మూడు. బయట ఎవరో డబ్బాలు దొర్లిస్తున్నారు. నలభై రెండు దగ్గర సన్నటి నీలిమంట గిన్నె మీద మెరిసి ఆరిపోయింది.

"అయిపోయింది," అంది రాబ్వేనా.

ఇయోటెబ గడియారం చూశాడు. చూసింది నమ్మలేనట్టు చేతిలోకి తీసుకుని మళ్ళీ చూశాడు.

"పదిహేడు నిమిషాలు," అన్నాడు. "ఇంతేనా?"

"ఇంతే."

అతను గడియారం చేతికి పెట్టుకోబోయాడు. పట్టీ కన్నంలో పడలేదు. చివరికి దాన్ని జేబులో వేసుకుని, లేచి, ఆమెకేసి చూడకుండా బయటికి నడిచాడు.